ముప్పై లక్షల గృహరుణం చివరికి ఎంతకు తేలుతుంది?

ప్రశ్న (నల్లగొండ):
మిర్యాలగూడ రోడ్డు వైపు ఇల్లు కొనడానికి 30 లక్షల రుణం తీసుకోవాలనుకుంటున్నాను. 8.5 శాతం వడ్డీకి 20 ఏళ్లయితే కిస్తీ 26,035 రూపాయలు, 30 ఏళ్లయితే 23,067 రూపాయలు అంటున్నారు. తక్కువ కిస్తీయే మేలా? అనుభవజ్ఞులు చెప్పగలరు.

జవాబు (మహబూబ్‌నగర్):
సార్, కిస్తీని పక్కన పెట్టి మొత్తం కట్టే సొమ్మును చూడండి. 20 ఏళ్లకు వడ్డీయే సుమారు 32.5 లక్షలు, 30 ఏళ్లకు 53 లక్షలు అవుతుంది. అంటే నెలకు మూడు వేలు మిగుల్చుకోబోయి ఇరవై లక్షలకు పైగా అదనంగా కడతారన్నమాట. 20 ఏళ్ల రుణంలోనైనా మొదటి కిస్తీలో 21,250 వడ్డీకే పోయి, అసలుకు జమయ్యేది 4,785 మాత్రమే.

జవాబు (సూర్యాపేట):
వడ్డీ రేటు పెరిగినప్పుడు నా కిస్తీ మారలేదని సంతోషించాను గానీ, స్టేట్‌మెంట్ తీసి చూస్తే గడువు మూడేళ్లు పెరిగి ఉంది. అందుకే ఏటా ఒకసారి మిగిలిన కిస్తీలను లెక్కపెట్టుకోండి. మారే వడ్డీపై వ్యక్తులు తీసుకున్న గృహరుణాన్ని ముందుగా కట్టినా జరిమానా వేయరాదని రిజర్వు బ్యాంకు నిబంధన ఉంది. మొదటి ఏడాది చివర, వడ్ల డబ్బో బోనసో, ఒక లక్ష అసలుకు జమచేసి కిస్తీని అలాగే ఉంచితే, 20 ఏళ్ల రుణంలో దాదాపు 18 కిస్తీలు తగ్గుతాయి.

ప్రశ్న అడిగినవారు:
వడ్డీపై పన్ను మినహాయింపు ఉంటుంది కదా అన్నా?

జవాబు (సూర్యాపేట):
సొంతంగా ఉండే ఇంటికి పాత పన్ను విధానంలోనే, అదీ ఏడాదికి 2 లక్షల వరకే. కొత్త విధానంలో లేదు.