సమస్యాపూరణం: కన్ను పోవుట చేతనే కలిగెఁ జూపు

ఈ వారం సమస్య తేటగీతి పాదం: “కన్ను పోవుట చేతనే కలిగెఁ జూపు”.

పాదం చూడగానే తిన్నడు గుర్తుకు రావడం సహజమే కాని, ఈసారి వస్తువు చిత్రకారుడు విక్టర్ బ్రౌనర్ జీవితం. 1903లో రొమేనియాలోని పియాత్రా నెయామ్ట్స్‌లో యూదు కుటుంబంలో పుట్టి, 1924లో బుకారెస్టులో కవి ఇలారియె వొరొంకాతో కలిసి ‘75హెచ్‌పీ’ పత్రికను వెలువరించి, 1930లో పారిస్ చేరిన ఈయన, ఆ మరుసటి ఏడే ఒక కన్ను పెకలించినట్టుగా స్వీయచిత్రం వేసుకున్నాడు. 1938 ఆగస్టులో ఇద్దరు తోటి చిత్రకారుల తగవులో ఆస్కార్ దొమింగెజ్ విసిరిన గాజుగ్లాసు తగిలి ఆయన ఎడమకన్ను నిజంగానే పోయింది.

మొదటి పూరణ:

తనదు చిత్రాన నొకకన్ను తాను చెఱిపి
వ్రాసె ముందుగఁ బారిసు వసతియందు
ఏడు వత్సరములలోన నిట్లె జరిగె
కన్ను పోవుట చేతనే కలిగెఁ జూపు

సమీక్ష: ధార బాగున్నది. “చిత్రాన” వ్యావహారికం కనుక “తనదు పటమున” అంటే సరిపోతుంది. అసలు చిక్కు వేరే ఉన్నది. సమస్య బరువంతా “చేతనే” మీద ఉండగా, మీ పద్యం ముందు జరిగినదీ తరువాత జరిగినదీ చెప్పి కారణం చెప్పకుండానే ముగిసింది.

రెండవ పూరణ:

మంచుకొండల మాటున మసలు నాఁడు
రంగులే లేక మైనము రాచి గీసె
లోని లోకమ్ము నయ్యది లోటు గాదు
కన్ను పోవుట చేతనే కలిగెఁ జూపు

సమీక్ష: మూడవ పాదం మనోహరంగా ఉన్నది. రెండవ ప్రపంచయుద్ధ కాలంలో అమెరికా వీసా దొరకక, ఆల్ప్స్ కొండపల్లెలో దాగినప్పుడు బ్రౌనర్ కొవ్వొత్తి మైనం పరచి, మొనతో గీరి, ఆ గీతల్లోకి సిరా దించేవాడు. అయితే ఆ మైనానికి కారణం యుద్ధకాలపు కొరత. పోయిన కన్ను కాదు. అందుచేత ఇక్కడా హేతువు కుదరలేదు.

మూడవ పూరణ:

బైటి వస్తువు విడిచి లోపలికి మఱలి
మూఁత కన్నుల నిదురించు మూర్తి వ్రాసె
పరుల నాటను బ్రదికిన బ్రౌనరునకు
కన్ను పోవుట చేతనే కలిగెఁ జూపు

సమీక్ష: ఐకారానికి, ఔకారానికి అకారంతో చెల్లే యతిని రెండు పాదాల్లో చక్కగా వాడుకున్నారు. ప్రమాదం తరువాత ఆయన బొమ్మల్లో కళ్లు మూసుకొని నిద్రలో నడిచే స్త్రీమూర్తులు వచ్చిన మాట నిజమే. వైద్యుడైన పియెర్ మాబీ 1939లోనే ‘మినొతోర్’ పత్రికలో ఈ గాయం చిత్రకారుణ్ణి ఎలా మార్చిందో వ్యాసం రాశాడు. ముందే వేసిన స్వీయచిత్రాన్ని జోస్యంగా చూపి అబ్బురపడటం ఎవరికైనా తేలికే. మీరు దాన్ని వదిలి గాయం తరువాతి పని మీద నిలిచారు కాబట్టే “చేతనే” అన్వయించింది, “బ్రౌనరునకు” అన్న షష్ఠి కూడా సమస్యాపాదంతో అతికినట్టు కలిసింది.

ఒక సభ్యుని అభ్యంతరం: అయ్యా, 1966 వెనిస్ బియనాలె అనే అంతర్జాతీయ కళాప్రదర్శనకు ఫ్రాన్స్ తన తరఫున ఎంచుకున్న చిత్రకారుణ్ణి “పరుల నాట” (పరాయి దేశంలో) బ్రదికినవాడనడం తగునా?

సమాధానం: తగును. ఆ గౌరవం ఆయన మరణించిన ఏడు వచ్చింది. అంతకు పాతికేళ్ల ముందు అదే ఫ్రాన్స్‌లో, విదేశీ యూదుడు కావడం వల్లనే, ఆయన ప్రాణభయంతో దాగవలసి వచ్చింది. పాదం మార్చనక్కరలేదు.