2005 తర్వాత జాగా జాజిస్ట్ దారి తప్పిందా?

సింథ్ సుధ:
నార్వేలోని టాన్స్‌బెర్గ్‌లో 1994లో మొదలైన బ్యాండ్ ఇది, జాజ్‌లో ఎలక్ట్రానిక్స్ కలుపుతుంది. ట్యూన్లు రాసే లార్స్ హోర్న్‌ట్వెత్‌కి అప్పటికి 14 ఏళ్లే. అతని తోబుట్టువుల్లో మార్టిన్ డ్రమ్స్, లీనె ట్యూబా (ఊదే పెద్ద ఇత్తడి వాద్యం). 2001లో వచ్చిన ఆల్బమ్ ‘ఎ లివింగ్‌రూమ్ హష్’లో బేస్ క్లారినెట్, ట్రంపెట్, వైబ్రాఫోన్ (లోహపు పట్టీల మీద కొట్టి వాయించేది) మెత్తగా సాగుతుంటే కింద ప్రోగ్రామ్ చేసిన బీట్స్ ముక్కలు ముక్కలుగా పరిగెడతాయి. ఆ కలయిక ఇంకెక్కడా వినలేదు నేను. 2005 నాటి ‘వాట్ వి మస్ట్’లో గిటార్లు ముందుకొచ్చి ఆ బీట్స్ పని వెనక్కి పోయింది. నా దృష్టిలో అక్కడే దారి తప్పింది. మీరేమంటారు?

డ్రమ్మర్ శీను:
దారి తప్పలేదండీ, దారిలో పడింది. మెషిన్ తగ్గింది, మనుషులు వాయించారు. ఎలక్ట్రానిక్స్ కలపడమంటే చివరికి ఏమవుతుందో నాకు తెలుసు. పదేళ్లు ఒక ఆర్కెస్ట్రాలో డ్రమ్స్ వాయించాను. ఓనర్ ఒక ఎలక్ట్రానిక్ రిథమ్ ప్యాడ్ కొని, రిథమ్స్ అన్నీ అందులో వేయించుకుని, ఇక రావద్దన్నాడు. పెళ్లిళ్ల సీజన్ మధ్యలో!

కృష్ణాతీరం:
ఈ నార్వే బ్యాండ్‌కీ మీ ఓనర్‌కీ సంబంధం ఏంటి అన్నా?

సింథ్ సుధ:
శీనుగారూ, మీ బాధ అర్థమైంది. కానీ ఈ బ్యాండ్‌లో డ్రమ్మర్‌ని ఎవరూ తీసేయలేదు. మార్టినే డ్రమ్స్ వాయిస్తాడు, ప్రోగ్రామింగ్ కూడా చేస్తాడు. ‘ఎ లివింగ్‌రూమ్ హష్’లోని ‘యానిమల్ చిన్’ ట్యూన్ లైవ్ వీడియో చూడండి. కంప్యూటర్‌లో తప్ప కుదరదనిపించే ఆ వేగాన్ని స్నేర్ డ్రమ్ మీద చేత్తో తెస్తాడు. మెషిన్ దగ్గర నేర్చుకుని మెషిన్‌నే దాటాడు. ఆ ఆల్బమ్‌ని బీబీసీ 2002లో ఉత్తమ జాజ్ ఆల్బమ్‌గా ఎంచింది.

డ్రమ్మర్ శీను:
బీబీసీ చెబితే జాజ్ అయిపోతుందా? ఇంప్రొవైజేషన్, అంటే అప్పటికప్పుడు అల్లి వాయించడం, ఎక్కడుంది? సూపర్‌సైలెంట్ కూడా నార్వే బ్యాండే, వాళ్లకీ ఎలక్ట్రానిక్స్ ఉన్నాయి. కానీ ముందు రాసుకోరు, రిహార్సల్ చేయరు, ఆ క్షణంలో పుట్టిందే వాయిస్తారు. అది జాజ్.

వాల్తేరు వినోద్:
వీళ్ల 2010 నాటి ఆల్బమ్ ‘వన్ ఆర్మ్డ్ బాండిట్’ గురించి ఒక్కరూ మాట్లాడరేం? దాన్ని మిక్స్ చేసింది టార్టాయిస్ బ్యాండ్ జాన్ మెకెంటైర్. సింథ్‌లు (సింథసైజర్లు) అందులో బోలెడు. 2005లో ఏదో పోయిందన్న మాటే తప్పు.

సింథ్ సుధ:
సింథ్‌లు ఉండటం వేరు వినోద్‌గారూ, బీట్‌ని కోసి అతికించే పని వేరు. నేను మాట్లాడేది రెండోదాని గురించి. శీనుగారు జాజా కాదా అంటూ అసలు ప్రశ్నని పక్కదారి పట్టిస్తున్నారు. రాసుకున్నంత మాత్రాన తక్కువైపోతుందా?

డ్రమ్మర్ శీను:
పక్కదారి కాదమ్మా, అదే అసలు విషయం! ఒకరు కూర్చుని ప్రతి స్వరం రాస్తారు, ఎనిమిది పదిమంది వచ్చి వాయిస్తారు. వీళ్ల ‘స్టార్‌ఫైర్’ ఆల్బమ్ లార్స్ లాస్ ఏంజెలెస్‌కి వెళ్లిపోయాక తయారైంది. ఈ బ్యాండ్‌లో ట్రంపెట్ వాయించిన మథియాస్ ఐక్ ఎంత గొప్పవాడో ఆయన సొంత ఆల్బమ్స్‌లో వినండి. అలాంటివాడు వెళ్లిపోయినా బ్యాండ్ ఆగలేదు. వాయించేవాడు ఎవరైనా ఒకటేనంటే, మా ఓనర్ నాతో అన్నదీ అదే మాట.

సింథ్ సుధ:
ఇప్పుడు బయటపడింది. మీ కోపం ఎలక్ట్రానిక్స్ మీద కాదు, రాసేవాళ్ల మీద. నేను రాసేదాన్నే. ఒక సినిమాకి స్ట్రింగ్స్, బ్రాస్ అరేంజ్‌మెంట్ మొత్తం రాత్రుళ్లు కూర్చుని చేశాను. వాయించినవాళ్ల పేర్లు టైటిల్స్‌లో పడ్డాయి, నా పేరు లేదు. ట్యూబా, ట్రాంబోన్, బేస్ క్లారినెట్ ఒకదాన్నొకటి తొక్కకుండా, వాటి మధ్య సింథ్‌కి చోటుండేలా రాయడం ఎంత కష్టమో రాసి చూస్తే తెలుస్తుంది. దాన్ని ఓనర్‌గిరీ అనకండి.

కృష్ణాతీరం:
2020లో బ్రెయిన్‌ఫీడర్ లేబుల్ మీద వచ్చిన వీళ్ల ఆల్బమ్ ‘పిరమిడ్’ ఇద్దరూ వినండి. నాలుగే ట్రాకులు. స్వీడన్ అడవిలోని స్టూడియోలో రెండు వారాల్లో కలిసి పూర్తిచేశారు.

డ్రమ్మర్ శీను:
విన్నాను. ఒకే గదిలో కూర్చుని వాయించారని వింటేనే తెలుస్తుంది. నేను అడుగుతున్నదీ అదే.

సింథ్ సుధ:
ఆ గదిలో వాళ్ల ముందున్న నోట్స్ ఎవరు రాశారో కూడా చెప్పండి మరి.