దువ్వూరి ఇంటిపేరుగల ప్రముఖులు

ప్రశ్న: దువ్వూరి సుబ్బారావుగారు 2008 సెప్టెంబరులో రిజర్వు బ్యాంకు గవర్నరుగా బాధ్యతలు చేపట్టిన పది రోజులకే అమెరికాలో లీమన్ బ్రదర్స్ అనే పెట్టుబడి బ్యాంకు దివాళా తీసి, ప్రపంచమంతటా ఆర్థిక సంక్షోభం ముదిరింది. ఎక్కువగా వినబడని ఈ ఇంటిపేరుతో ఇతర రంగాలలో పేరుపొందినవారు ఇంకెవరైనా ఉన్నారా?

జవాబు 1: నెల్లూరు ప్రాంతానికి చెందిన కవికోకిల దువ్వూరి రామిరెడ్డిగారు ఉన్నారు కదండీ! సేద్యం చేసుకుంటూ కవిత్వం రాసిన ఆయన, పారశీకం నేర్చుకుని ఉమర్ ఖయ్యాం రుబాయీలను ‘పానశాల’గా తెలుగులోకి తెచ్చారు. రైతు జీవితంపై ఆయన రాసిన ‘కృషీవలుడు’ నా దృష్టిలో అంతకన్నా గొప్ప కావ్యం, ఎవరు ఒప్పుకున్నా ఒప్పుకోకపోయినా.

జవాబు 2: గోదావరి జిల్లాకు చెందిన దువ్వూరి సుబ్బమ్మగారిని మరువరాదు. బాల్యంలోనే వితంతువైన ఆమె సహాయ నిరాకరణోద్యమంలో ఊరూరా ఉపన్యసించి జైలుకు వెళ్ళారు. ప్రజలు ఆమెను ‘దేశబాంధవి’ అని గౌరవించారు.

జవాబు 3: చిన్నయసూరి రాసిన తెలుగు వ్యాకరణ గ్రంథం బాలవ్యాకరణం చదివే విద్యార్థులు నేటికీ ఆశ్రయించే వ్యాఖ్యానం ‘రమణీయం’ దువ్వూరి వేంకటరమణశాస్త్రిగారి రచన. ఇంటిపేరు ఒకటైనంత మాత్రాన వీరంతా బంధువులని అనుకోనవసరం లేదు. మన ఇంటిపేర్లు చాలావరకు ఊళ్ళనుండి వచ్చినవే. దువ్వూరు అనే ఊరు నెల్లూరు జిల్లాలోనూ ఉంది, కడప జిల్లాలోనూ ఉంది.