నీటి కింద ఉన్న అమ్మ ఊరి గురించి నేను ఏ హక్కుతో రాయాలి?

ప్రశ్న – రేగడినేల

మా అమ్మ పుట్టిన ఊరు కృష్ణ ఒడ్డున సంగమేశ్వరానికి దగ్గరలో ఉండేది. శ్రీశైలం జలాశయం కోసం 1981లో కర్నూలు, మహబూబ్‌నగర్ జిల్లాల్లో అనేక గ్రామాలను ఖాళీ చేయించినప్పుడు అదీ పోయింది. నేను ఆ తర్వాత కర్నూలులో పుట్టాను. జలాశయం నిండు మట్టం 885 అడుగులు. ఎండాకాలంలో అది 840 దరిదాపుల్లోకి దిగితే సంగమేశ్వరుడి గుడి బయటపడుతుంది, ఇంకా దిగితే ఊళ్ళ పునాదులూ కనిపిస్తాయి. నేను రెండు వేసవులు అక్కడ తిరిగాను. చెయ్యి పట్టేంత నెర్రెలిచ్చిన ఒండ్రు, వరుసగా పునాది రాళ్ళు, ఒకచోట అంచుదాకా మట్టి పూడుకుపోయిన రోలు, ఆ మట్టిలో సగం దిగిన నత్తగుల్ల చూశాను. పన్నెండు పేజీల వ్యాసం రాసి అమ్మకు చదివి వినిపిస్తే, ఆమె అంతా విని, "ఇది మా ఊరు గాదు నాయనా, నీ దిగులు" అన్నది. నేను ఎన్నడూ బతకని ఊరిని నాదిగా రాయడం సబబేనా?

జవాబు – తీతువు

సబబా కాదా అన్నది పక్కన పెట్టి, మీరు ఆ వ్యాసంలో ఏం చూశారో ఒకసారి పరిశీలించుకోండి. మీరు చెప్పిన రోలు, నత్తగుల్ల మీ సొంత చూపు. వాటిని ఎవరూ కాదనలేరు. మిగతా పేజీల్లో పచ్చని పొలాలు, చల్లని గాలి, ఆప్యాయతలు వంటివి ఉన్నాయేమోనని నా అనుమానం (ఇటువంటి వ్యాసాలు నేనూ రాసి చించేశాను), అవి ఏ ఊరికైనా అతుకుతాయి. అమ్మగారిని కథలు అడగకండి, పేర్లు అడగండి: ఏ వంకను ఏమని పిలిచేవారు, ఏ చేను చౌడు, ఏది రేగడి, నీళ్ళు ఏ బావివి తియ్యన. పైగా నీళ్ళు దిగిన నేల శ్మశానమేమీ కాదు. ఒండ్రు ఆరీ ఆరకముందే రైతులు అందులో విత్తనం వేస్తారు, మా తీతువు పిట్ట గులకరాళ్ళ నడుమ, గూడంటూ కట్టకుండా, రాళ్ళ రంగులోనే గుడ్లు పెడుతుంది. పునాదులు చూసుకుంటూ నడిచేవాడు వాటిని తొక్కే ప్రమాదం ఉంది.

జవాబు – పుట్టివాడు

మా తాతగారు ఉత్తరాంధ్ర సముద్రతీరం నుంచి చేపల వేటకు ఈ జలాశయానికి వలస వచ్చారు. నేను ఈ గట్టు మీద గుడిసెలోనే పుట్టాను. మీరందరూ ముంపు అని పిలిచే ఈ నీళ్ళు మాకు ఊరు. అయినా ఇక్కడివాళ్ళు మమ్మల్ని సముద్రపోళ్ళంటారు, అక్కడికి వెళితే శ్రీశైలం వాళ్ళంటారు. మీ ఊరు మాకు వల ద్వారా తెలుసు: గుడికి ఎగువన ఒకచోట వల ఎప్పుడూ తగులుకుని చిరుగుతుంది, మా నాన్న దాన్ని చింతమొద్దు అనేవారు. నిజంగా అక్కడ చింతచెట్టు ఉండేదో లేదో మాకు తెలియదు. మీ వ్యాసంలో పుట్టి మీద వెళ్ళే మనిషి ఒక్కడైనా ఉన్నాడా అండీ?

జవాబు – రేగడినేల

లేడండీ. ఉన్నమాట చెప్పాలంటే, ఫొటోలలో పుట్టి అడ్డు వస్తే అది దాటిపోయేదాకా ఆగి తీశాను. మీ జవాబు అమ్మకు చదివి వినిపించాను. అక్కడ చింతచెట్టు లేదట. అది చేదబావి అయి ఉంటుందట, గిలక నిలబెట్టిన రెండు రాతి స్తంభాలను ఊరు విడిచేటప్పుడు ఎవరూ పెరకలేదట. ఆ తర్వాత ఆమె మొదటిసారి తనంతట తానే అడిగింది, వల చిరిగితే మళ్ళీ అల్లుకోవడానికి ఎన్నాళ్ళు పడుతుందని. నాకు తెలియలేదు, మీరు చెప్పాలి. ఈ వేసవిలో ఆమెను తీసుకొస్తాను. ఆ చోటు ఎక్కడుందో మీరు చూపించగలరా?