మిక్సీలో నూరిన నువ్వుల ముద్దతో గ్రీకు తహినోపిత అవుతుందా, కాదా?

ఓటీజీ_ఓనమాలు

ముందే చెప్పేస్తున్నా, నా ఓటు "కాదు"కే.

తహినోపిత అంటే తెలియనివాళ్ళ కోసం: ఈస్టరుకి ముందు ఉపవాసాల్లో గ్రీసులో చేసుకునే నువ్వుల కేకు. గుడ్డు, పాలు, వెన్న ఏవీ ఉండవు. నూనె కూడా విడిగా పొయ్యరు. ఉన్న జిడ్డంతా తహినీదే, అంటే జారుగా నూరిన నువ్వుల ముద్దది.

మొదటిసారి సీసా తహినీ కొని చేశాను. 250 గ్రాముల తహినీ, 200 పంచదార, 300 మిల్లీలీటర్ల నారింజ రసం, 350 గ్రాముల మైదా, చెంచాడు వంటసోడా, రెండు చెంచాల బేకింగ్ పౌడరు, దాల్చినచెక్క, లవంగాల పొడి, గుప్పెడు అక్రోట్లు, గుప్పెడు కిస్మిస్. 175 డిగ్రీల్లో 50 నిమిషాలు. గుడ్డు లేని కేకు ఇంత గుల్లగా వస్తుందని అనుకోలేదు.

సీసా ధర చూసి మా ఇంట్లో పెద్ద చర్చే జరిగింది. "నువ్వులు మనింట్లో లేవా?" అన్నారు మా అత్తగారు. సరే అని రెండోసారి తెల్ల నువ్వులు వేయించి మిక్సీలో నూరి చేశాను. మిగతావన్నీ అవే కొలతలు, రసం మాత్రం ఇంట్లో ఉన్న బత్తాయిలది. పైన బీటలు, లోపల పిడచ, అడుగున నూనె మెరుస్తోంది. తింటే చివర్లో చేదు, దాంతోపాటు సబ్బు నోట్లో పడ్డట్టు ఒక రుచి. మైదా, పంచదార, దాదాపు గంట కరెంటు అన్నీ బూడిదలో పోసినట్టయింది.

కాబట్టి తహినీ వేరు, నువ్వుల ముద్ద వేరు. కాదనేవాళ్ళు చేసి చూపించి మాట్లాడండి.

నూపప్పు

అమ్మా, ఆ నువ్వులకి పొట్టు తీశారా? తెల్ల నువ్వులంటే పొట్టు తీసినవని కాదు. రంగు తెలుపు, పొట్టు దాని మీదే ఉంటుంది. ఆ చేదు సగం పొట్టుదే. మా అమ్మ చిమ్మిలికి కూడా నువ్వులు నానేసి, గోనెపట్టా మీద రుద్ది, కడిగి, ఎండబెట్టి చేటలో చెరిగితేగానీ వాడేది కాదు. మా వైపు దాన్నే నూపప్పు అంటాం, నా పేరు అక్కణ్ణించే వచ్చింది. సీసాల్లో వచ్చే తహినీ ఎక్కువగా పొట్టు తీసిన నువ్వులదే. పాతకాలపు తహినీ మిల్లుల్లో నానబెట్టి దంచిన నువ్వుల్ని ఉప్పునీళ్ళలో వేసేవాళ్ళు. పప్పు పైకి తేలుతుంది, పొట్టు అడుక్కి పోతుంది.

చేదులో మిగతా సగం మీరు వేయించిన తీరుది. పచ్చడికి వేయించినట్టు చిటపటలాడేదాకా వేయించి ఉంటారు. కేకుకి అంత అక్కర్లేదు, పచ్చివాసన పోతే చాలు.

వంటింటి_వకీలు

నూపప్పు గారి మాట సగమే ఒప్పుకుంటాను. గ్రీసులో పొట్టుతో నూరిన తహినీ కూడా అమ్ముతారు, ముదురు రంగులో, కాస్త చేదుగా. దాంతోనూ కేకు చేస్తారు. కాబట్టి చేదుకి పొట్టు కారణం అనండి, పిడచ కట్టడానికి మాత్రం కాదు.

నా అనుమానం నూరడం మీద. తిరగలి రాళ్ళ మధ్య నలిగిన ముద్దలో పలుకు నాలిక్కి తెలియదు. మిక్సీ బ్లేడు నువ్వుల్ని నలపదు, కోస్తుంది. పలుకు మిగులుతుంది, ఈలోగా జారు వేడెక్కి నూనె విడిపోతుంది. ఆ దశలో మీ గిన్నెలో ఉన్నది తహినీ కాదు, గానుగ దగ్గర దొరికే సరుకు. ఒక పక్క నూనె, ఒక పక్క తెలగపిండి. తెలగపిండి నాకు ఇష్టమే, కూర వండుకుంటే. ఓవెన్లో పెడితే కాదు.

ఓటీజీ_ఓనమాలు

అదేగా నేను అంటున్నది! మిక్సీతో కాదని.

వంటింటి_వకీలు

మిక్సీతో కష్టం అన్నాను. కాదు అనలేదు. తేడా ఉంది.

సలోనికా_నుంచి

ఆరేళ్ళుగా గ్రీసులో, థెస్సలొనీకి ఊళ్ళో ఉంటున్నాను. మా ఇంటి ఓనరమ్మ ప్రతి ఏడూ చేస్తుంది, పక్కన నిలబడి చూశాను కాబట్టి రాస్తున్నా. తహినీ ఎక్కణ్ణించి వచ్చిందన్నదానికంటే అందులో రసం ఎలా కలిపారన్నది నాకు పెద్ద విషయంగా కనిపించింది.

ఆవిడ వెడల్పాటి గిన్నెలో తహినీ, పంచదార వేసి, రసం కొద్దికొద్దిగా పోస్తూ గిలక్కొడుతుంది. మొదటి రెండు మూడు గరిటెల రసానికి తహినీ పల్చబడదు, ఉల్టాగా బిగుసుకుపోతుంది. గట్టి ముద్దై గరిటెకి అతుక్కుంటుంది, అంచుల్లో నూనె చెమ్మ కనిపిస్తుంది. మొదటిసారి చూసినప్పుడు పాడైపోయిందనే అనుకున్నా. ఆవిడ కంగారు పడలేదు, ఇంకా పోసింది. ఒక చోటికి వచ్చాక ముద్ద ఒక్కసారిగా వదులైంది. ముదురు రంగు పోయి తెల్లబడింది. గ్రైండర్లో గారెల పిండి చివర్లో తెల్లగా పొంగి నునుపుదేలుతుంది చూడండి, అచ్చం అలాగే. నువ్వుల పిండికి మొదట అందిన కాసిని నీళ్ళూ అది పీల్చుకుని గడ్డకడుతుంది, నీళ్ళు చాలినన్ని పడ్డాకే నూనె వాటిలో సన్నగా చెదిరి కలుస్తుంది. గుడ్డు చేసే పని ఇక్కడ సగం ఇదే చేస్తుంది.

మిగతా సగం సోడాది. సోడాని పిండిలో కలపరు. పొడుగాటి గ్లాసులో కొంచెం నారింజ రసం ఉంచుకుని అందులో సోడా వేస్తారు, గ్లాసుని గిన్నె మీదే పట్టుకుని. బుస్సున పొంగి కారిపోతుంది కాబట్టి. ఇక్కడ దీన్ని "సోడాని ఆర్పడం" అంటారు. ఆ నురగ దిగకముందే గిన్నెలో వంచి, మైదా వేసి, నాలుగు తిప్పులు తిప్పి ఓవెన్లోకి తోసెయ్యాలి. ఆ వేళకి ఆవిడ ఫోను మోగినా తియ్యదు.

ఓటీజీ గారూ, మీ ముద్ద బిగుసుకున్నప్పుడు ఏం చేశారు?

ఓటీజీ_ఓనమాలు

రెండు గరిటెల నూనె పోశాను. 😐

సలోనికా_నుంచి

250 గ్రాముల తహినీలో సగానికి పైనే నూనె అండీ. దాని మీద మళ్ళీ నూనె పోస్తే అడుగున మెరవక ఏం చేస్తుంది.

పచ్చి_వీగన్

ఆగండాగండి. గుడ్డు, పాలు లేవని చాలామంది దీన్ని వీగన్ కేకు, అంటే జంతువుల నుంచి వచ్చేదేదీ లేనిది, అంటుంటారు. నేను చూసిన వంటకాల్లో తేనె ఉంది. తేనె ఉంటే వీగన్ కాదు. ముందు ఆ పేరు సరిచేసుకోండి, మిక్సీ సంగతి తర్వాత చూద్దాం.

సలోనికా_నుంచి

ఇక్కడ ఆ కేకుని వీగన్ అని పుట్టించలేదు. "నిస్తీసిమో" అంటారు, ఉపవాసానికి పనికొచ్చేది అని. ఆ లెక్క వేరు. మాంసం, చేప, గుడ్డు, పాలు కుదరవు. తేనె కుదురుతుంది. రొయ్యలు, ఆక్టోపస్ కూడా కుదురుతాయి! ఉపవాసం మొదలయ్యే సోమవారం నాడు నువ్వులు చల్లిన లగానా రొట్టె, తహినీ హల్వాతోపాటు బల్ల మీద ఆక్టోపస్ కూడా ఉంటుంది. మరోపక్క ఆలివ్ నూనె మాత్రం, నియమం గట్టిగా పాటించేవాళ్ళు శనాదివారాల్లోనే ముడతారు. అందుకే తహినీకి అంత గిరాకీ. నూనె పోశామన్న పేరు లేకుండా వంటకి జిడ్డు తెస్తుంది. గుడ్ ఫ్రైడే నాడు చాలా ఇళ్ళల్లో తహినీ కలిపిన చారే భోజనం.

మా ఓనరమ్మ కేకులో తేనె వెయ్యదు, పంచదారే. చెంచాడు బ్రాందీ మాత్రం పోస్తుంది.

వంటింటి_వకీలు

నూనె వద్దు, నువ్వులు ముద్దు! ఏకాదశినాడు అన్నం మానేసి ఉప్మా లాగించే మా తాతగారు గుర్తొచ్చారు.

పచ్చి_వీగన్

నవ్వండి. నా పాయింటు మాత్రం అలాగే ఉంది. పంచదారతో చేస్తే వీగన్, తేనెతో చేస్తే నిస్తీసిమో. బెల్లంతో చెయ్యొచ్చా?

నూపప్పు

చెయ్యొచ్చు. అప్పుడది చిమ్మిలి కేకు అవుతుంది, నాకు అభ్యంతరం లేదు. గ్రీకు వాళ్ళు ద్రాక్షరసం కాచిన పాకం, పెతిమేజీ అంటారు, అది వాడే వంటలున్నాయి. రంగులో, వాసనలో బెల్లం పాకానికి దూరపు చుట్టం.

నికోసియా_రిటర్న్

సైప్రస్‌లో రెండేళ్ళున్నాను. అక్కడ తహినోపిత అంటే కేకే కాదు. ఈస్టు వేసి పొంగించిన పిండిని పల్చగా ఒత్తి, లోపల తహినీ, పంచదార పూసి, చుట్టచుట్టి కాల్చిన రొట్టె. పొద్దున్నే బేకరీలో వేడిగా ఉంటుంది. దానికి మిక్సీ ముద్ద కూడా బ్రహ్మాండంగా పనికొస్తుంది, పలుకున్నా తెలియదు.

ఓటీజీ_ఓనమాలు

అన్నా, అది వేరే చర్చ. కేకు దగ్గరే ఉందాం.

నూపప్పు

ఆ సబ్బు రుచి సంగతి ఎవరూ పట్టించుకోలేదు. అది సోడా మిగిలిపోయినందుకు. బత్తాయి రసం పోశానన్నారు కదా, అక్కడే తప్పు. నారింజ అంటే కమలాలు వాడాలి, బత్తాయి వేరే కాయ.

వంటింటి_వకీలు

తీర్పు కరెక్టే, కారణమే తప్పు. మన సాత్‌గుడి బత్తాయి, అనంతపురంలో, నల్గొండలో పండేది, శాస్త్రం ప్రకారం సిట్రస్ సైనెన్సిస్. గ్రీసులో ఆర్గోలిదా వైపు తోటల్లో పండే నారింజా అదే జాతి. వేరే కాయ ఏదైనా ఉంటే అది కమలాయే. తేడా జాతిలో లేదు, పులుపులో ఉంది. బాగా పండి తియ్యబడ్డ బత్తాయిలో చెంచాడు సోడాని ఆర్పేంత పులుపు ఉండదు. ఒక నిమ్మకాయ పిండండి, గ్లాసులో బుస్సుమంటే సరిపోయినట్టు.

నూపప్పు

కమలా విషయంలో ఓడిపోయాను. పొట్టు విషయంలో మాత్రం ఓడను.

ఓటీజీ_ఓనమాలు (వారం తర్వాత)

సరే, చేశాను. ఒకే రోజు రెండు కేకులు. ఒకటి సీసా తహినీ, ఒకటి ఇంటి ముద్ద. రెండింటికీ బత్తాయి రసమే, ఒక్కోదానికి ఒక నిమ్మకాయ కలిపి.

నూపప్పు గారు చెప్పినట్టు పొట్టు తీశాను. అరకిలో నువ్వులకి ఒక పూటంతా పట్టింది, చెరగడం రాక వంటింటి నేలంతా నువ్వులే. రంగు మారకుండా వేయించాను. మిక్సీలో ఏకధాటిగా కాకుండా, నూరి, ఆపి, చల్లారనిచ్చి, గోడలు గీకి, మళ్ళీ నూరి, అలా ఎనిమిది విడతలు. గరిటె ఎత్తితే తీగలా జారింది, వేళ్ళ మధ్య రుద్దితే మాత్రం సన్నటి ఇసుకలా ఇంకా ఉంది. రసం పోస్తే సలోనికా గారు చెప్పినట్టే రాయిలా బిగుసుకుంది. ఈసారి నూనె సీసా వైపు చూడలేదు. పోస్తూ పోయాను. వదులైంది, తెల్లబడింది. సీసా తహినీకి 300 చాలితే దీనికి ఇంకో 40 మిల్లీలీటర్లు పట్టింది.

రెండూ పొంగాయి. చేదు లేదు, సబ్బు రుచి లేదు. సీసాది మెత్తగా కోతకొచ్చింది, ఇంటిది కొంచెం పొడిపొడిగా రాలింది, కానీ నువ్వుల వాసన దాందే ఎక్కువ. మా అత్తగారికి ఏది ఏదో చెప్పకుండా రెండు ముక్కలు పెట్టాను. సీసా దానివైపే చెయ్యి చూపించారు. నా ఓటు "కాదు" నుంచి "అవుతుంది, కానీ సీసాదే మేలు"కి మార్చుకుంటున్నా. ఒక పూట కూలీ కలుపుకుంటే సీసా ధర కూడా ఎక్కువనిపించట్లేదు.

నూపప్పు

కూలీ కలిపితే ఇంట్లో ఏ వంటా గిట్టుబాటు కాదమ్మా.

సలోనికా_నుంచి

చేసినరోజే తీర్పు చెప్పకండి. ఇది రెండో రోజుకి ఊరుతుంది. గుడ్డ కప్పి బయటే ఉంచండి, ఫ్రిజ్‌లో పెట్టొద్దు. ఆ పొడితనం చాలావరకు సర్దుకుంటుంది. రేపు మళ్ళీ అడగండి ఆవిణ్ణి.

ఓటీజీ_ఓనమాలు

పొద్దున్న అడుగుదామని లేచి చూస్తే ఇంటి ముద్ద కేకు పళ్ళెంలో పొడి మాత్రమే ఉంది. సీసాది సగం అలాగే ఉంది. ఎవరు తిన్నారంటే ఎవరూ ఒప్పుకోవడం లేదు. అత్తగారు మాత్రం మిగిలిన నూపప్పు ఏ డబ్బాలో పెట్టావని అడిగారు.