పీఎఫ్ పెన్షన్ 58కే పెట్టేయాలా, 60 దాకా ఆగాలా?

మండపేట కుర్రోడు: మా నాన్నగారు రైస్ మిల్లులో 22 ఏళ్లు చేశారండి, మొన్నే 58 నిండాయి, పెన్షన్ ఎంతొస్తుందో మిల్లులో అడిగితే ఎవరూ సరిగ్గా చెప్పట్లేదు, ఆయనకేమో రాత్రిళ్లు నిద్ర పట్టట్లేదు. ఆగితే ఎక్కువొస్తుందా?

తణుకు రిటైర్డ్: ఆఖరి 60 నెలల జీతం సగటుని సర్వీసుతో గుణించి 70తో భాగించాలండి. జీతమెంతున్నా లెక్క 15,000 వరకే, 2014 సెప్టెంబరుకి ముందు సర్వీసుకైతే 6,500 వరకే, ఇది మాత్రం చాలా అన్యాయం. 20 ఏళ్లు దాటాయి కాబట్టి ఇంకో 2 కలిపి 24. మొత్తం 24 ఏళ్లకీ 15,000 చొప్పున లెక్కేస్తే సుమారు 5,142, కానీ 2014కి ముందు సర్వీసు ఉంది కాబట్టి అంతకన్నా తక్కువే వస్తుంది.

అమలాపురం: ఆగితే ఏడాదికి 4 శాతం పెరుగుద్దండి, 60 దాకానే. ఇల్లు గడవడానికి వేరే దారి ఉంటేనే ఆగండి. మా బావగారు తొందరపడి 54కే తీసుకున్నారు, ఏడాదికి 4 శాతం చొప్పున కోత పడింది, ఇప్పటికీ బాధపడతారు.

మండపేట కుర్రోడు: ఆయ్, చాలా థాంక్సండి. ఆయన తర్వాత అమ్మకి?

తణుకు రిటైర్డ్: సగం వస్తుందండి. పెన్షన్‌కి పెట్టే ఫారం 10డీలో ఆవిడ పేరు, పుట్టినతేదీ ఆధార్‌లో ఉన్నట్టే రాయండి.