నాదసీమకు కొత్తగా వచ్చాను, సలహా కావాలి

శ్రీకాకుళం నుంచి కొత్తగా వచ్చిన అబ్బాయి:
అందరికీ నమస్కారం. మాది శ్రీకాకుళం, నాగావళి ఒడ్డునే ఇల్లు. కొలువు దొరికి, దసరా వెళ్లిన మర్నాడు నాదసీమకు బయలుదేరాను. ఇక్కడ శబ్దాన్ని బట్టి కాలం నడుస్తుందని విన్నాను గానీ ఎలా మసలుకోవాలో ఎవరూ చెప్పలేదు. నిద్ర పట్టక, అమ్మ పాడిన లాలిపాట ఫోనులో రికార్డు చేసుకున్నది పెట్టుకుని పడుకుంటున్నాను. నా లెక్కన వచ్చి కొన్ని రాత్రులే అయింది. నిన్న ఇంటికి ఫోను చేస్తే సంక్రాంతి కూడా వెళ్లిపోయిందన్నారు. అమ్మ ఏడ్చింది. ఏం చేయాలి?

బొబ్బిలి అన్న:
తమ్ముడూ, ఆ పాట ఈ రాత్రి నుంచే ఆపు. మన ఊళ్లో పన్నెండయింది కాబట్టి గంట కొడతారు. ఇక్కడ గంట కొట్టారు కాబట్టి పన్నెండవుతుంది. తేడా అంతా అందులోనే ఉంది. స్వరాన్ని సాగదీస్తే దాని చుట్టూ ఉన్న కాలమూ సాగుతుంది. లాలిపాట విలంబంలో, అంటే బాగా నెమ్మదిగా నడుస్తుంది కదా, నీ గదిలో ఒక్క రాత్రి తెల్లవారేలోగా ఊళ్లో వారాలు దొర్లిపోతాయి. పైగా అది రికార్డు. మనిషి పాడితే ఏ రెండుసార్లూ ఒకేలా ఉండదు, కాలం కాస్తయినా ముందుకు జరుగుతుంది. రికార్డు మళ్లీ అదే చోట మొదలవుతుంది, గానుగెద్దులా కాలమూ అక్కడే తిరుగుతుంది.

దీనికి మందు తాళం. ఆది తాళం నేర్చుకో: ఒక లఘువు (ఒక దెబ్బ, మూడు వేళ్ల లెక్క), రెండు ద్రుతాలు (ఒక్కోదానికి ఒక దెబ్బ, ఒక విసురు), మొత్తం 8 అక్షరాలు, అంటే 8 లెక్కలు. మధ్యమ కాలంలో, అంటే మరీ నెమ్మదీ మరీ వడీ కాకుండా, తొడ మీద మెల్లగా వేస్తూ ఉంటే నీ కాలం మన ఊరి కాలంతో కలిసి నడుస్తుంది. నిద్రకు ముందు ఒక ఆవర్తనం, అంటే తాళం ఒక పూర్తి చుట్టు కూడా తప్పకుండా వేయాలి. వీణకున్న ఏడు తీగల్లో మూడు తాళానికే కేటాయించిన మన పెద్దల మీద నాకు గౌరవం పెరిగింది ఇక్కడికి వచ్చాకే. వీణ తెచ్చుకునే ఆలోచన ఉంటే మా వైపు గొల్లపల్లిలో ఒకే పనస దుంగను తొలిచి చేసే ఏకాండి వీణే తెచ్చుకో. అతుకుల వీణ ఇక్కడ రెండు కాలాలు పలుకుతుంది, వాయించినవారికి రెండు రోజులపాటు తల తిరుగుతుంది.

బజారుకు మాత్రం అప్పుడే వెళ్లకు. అక్కడ ఒక్కొక్కరు ఒక్కో నడకలో మాట్లాడతారు. విజయనగరం సంగీత కళాశాల 1919లో మొదలైనప్పుడు దానికి తొలి ప్రిన్సిపాల్ అయిన ఆదిభట్ల నారాయణదాసు గారు పంచముఖి పట్టి చేతులతో, కాళ్లతో, తలతో ఒకేసారి ఐదు తాళాలు నడిపేవారు. ఆ బజారులో నిబ్బరంగా నిలబడాలంటే ఆ విద్యలో పిసరంతైనా రావాలి.

పార్వతీపురం అక్క:
అన్నయ్య చెప్పినవన్నీ నిజమే. కానీ తల్లి గొంతుకు దూరమై ఆ పిల్లవాడు ఎలా ఉంటాడు? బాబూ, రికార్డు వద్దు, అమ్మతో నేరుగా మాట్లాడు. ఫోనులో వచ్చే ప్రాణమున్న గొంతు మన ఊరి కాలాన్ని వెంటబెట్టుకుని వస్తుంది. ఆ కాసేపూ మీ ఇద్దరికీ ఒకటే నడక. మాటలు అయిపోతే ఫోను వంటగట్టు మీద పెట్టి పని చేసుకోమను, పోపు చిటపటలు విన్నా మేలే. ఒకటి గుర్తుంచుకో: ఇద్దరూ మౌనంగా ఉన్నప్పుడు ఫోను పెట్టేయకు. మౌనంలో ఇక్కడ కాలం నిలిచిపోతుంది, నువ్వు మళ్లీ పలికేలోగా అక్కడ ఎంత గడుస్తుందో చెప్పలేం. ఆమె మాట చెవిలో ఉండగానే పెట్టేయాలి.

అన్నం వండేటప్పుడు కూనిరాగాలు తీయకు. సగం మెతుకులు మెత్తబడి, సగం బియ్యంగానే మిగులుతాయి.

శ్రీకాకుళం అబ్బాయి:
చాలా ధన్యవాదాలు అక్కా, అన్నా. పోయిన మూడు నెలలు తిరిగి తెచ్చుకునే దారి ఉందా? మద్దెల వడిగా వాయించి సరిచేస్తామని మా వీధిలో ఒకరు అడ్వాన్సు అడుగుతున్నారు.

విజయనగరం పెద్దాయన:
ఒక్క రూపాయి కూడా ఇవ్వవద్దు బాబూ. ద్రుతకాలంలో, అంటే బాగా వడిగా వాయిస్తే నీ వయసు ముందుకు పరుగెడుతుంది, అంతే. ఊళ్లో గడిచిపోయినది గడిచినట్టే ఉంటుంది. గుండెకు తప్పెట కట్టుకుని వాయిస్తూ ఆడే మన తప్పెటగుళ్ల బృందం ఇక్కడ కూడా ఆడుతుంది. చివర్లో వడి అందుకునేసరికి ఆడేవారి గడ్డాలు కళ్లముందే పెరుగుతాయి. అందుకే వాళ్లు ఊరి బయట మైదానంలో ఆడతారు, పిల్లలను దగ్గరికి రానివ్వరు. మా విజయనగరం పైడితల్లి అమ్మవారి సిరిమానోత్సవం దసరా తర్వాతి మంగళవారం కదా, ఆ మంగళవారం ఎప్పుడన్నది మేము ఇక్కడి గంటలను నమ్మి తేల్చుకోం. ఊరికి ఫోను చేసి, గుడి దగ్గరి డప్పులు విన్నాకే దీపం పెడతాం.

ఆది తాళం నేర్పే చీపురుపల్లి మాస్టారు మా వీధిలోనే ఉంటారు, డబ్బు తీసుకోరు. రేపు ఉదయం నీ దగ్గరికి నేనే వస్తాను. దారిలో ఏమీ మాట్లాడకుండా నా అడుగుల చప్పుడు వింటూ, దానికి సరిగ్గా అడుగు కలిపి నడువు. ఈలోగా అమ్మకు ఫోను చేసి, పండక్కి ఎందుకు పలకలేదో వివరంగా చెప్పు.